వెనక్కి తిరగని హంస

ఆమె ఇరవై ఏళ్లకు పైగా పనిచేసి తీసిన సినిమాలన్నీ వరుసగా పెట్టి చూస్తే, మా ఇంట్లో పొయ్యి మీద కందిపప్పు ఉడికేలోపు అయిపోతాయి. ఒకటి ఐదు నిమిషాలు, ఒకటి ఏడు. ఒకటైతే మరీ చిన్నది, కూర్చునే లోపే అయిపోతుంది. అన్నీ చేత్తో గీసిన బొమ్మల సినిమాలు. అంత తక్కువ చేసిన మనిషి మీద నాకు ఇంత కుళ్లు ఎందుకో మా ఇంట్లో ఎవరికీ అర్థం కాలేదు. దేవుడు నాకు ఇచ్చినవి చాలా ఉన్నాయి. పొద్దున దీపం పెట్టేటప్పుడు ఒక్కొక్కటే తలుచుకుని దండం పెడతాను. దండం పెట్టి లేచాక కూడా ఆ కుళ్లు అక్కడే ఉండేది.

నేను అమరచింతలో పుట్టాను. గద్వాలకు కోడలిగా వచ్చాను. రెండు చోట్లా మగ్గాలే. బడికి పోలేదు. మా నాయన గుంత మగ్గంలో కూర్చుని నేస్తూ, పక్కన నన్ను కూర్చోబెట్టుకుని పలక మీద దిద్దించాడు. భజన పాటలు నేనే చదివి పాడగలిగిన నాడు పలక పక్కన పెట్టి గళ్ల కాగితం చేతికిచ్చాడు. అప్పటి నుంచి అంచులకు గ్రాఫు గీయడం నా పని అయింది. చీర అంచులో హంస రావాలంటే ముందు ఆ హంస గళ్ల కాగితం మీదికి రావాలి. ఒక్కో గడి నింపుతూ పోవాలి. ఆ కాగితాన్ని బట్టి అట్టలకు బెజ్జాలు కొడతారు. ఆ అట్టల దండ మగ్గం మీద తిరుగుతుంటే కింద హంస నేతలోకి దిగుతుంది. మా అంచుల్లో హంసలు ఎప్పుడూ జోడుగానే ఉంటాయి, ముక్కుకు ముక్కు ఎదురుగా. అందుకని ఒక్క హంసనే గీస్తాం. అది అయిపోగానే అట్టలను ఉల్టా తిప్పుతారు. అవే అట్టలు చివరి నుంచి మొదటికి వస్తుంటే రెండో హంస దానంతట అదే పుడుతుంది. సగం గీస్తే చాలు, మిగతా సగం తిరిగి వస్తుంది. నా చేతికి తెలిసిన పని అదే.

ఆమె మా ఊరికి వచ్చింది రెండు వేల సంవత్సరం దాటిన మూడు నాలుగేళ్లకు. హైదరాబాదులో బొమ్మల సినిమాలు నేర్పేవాళ్లెవరో ఆమెను కొన్నాళ్లకని పిలిపించుకున్నారట. అక్కడ ఎవరో కట్టుకున్న గద్వాల చీర అంచు చూసి, ఈ పక్షులు లేచి వెళ్లిపోతే ఎట్లుంటుంది అనుకుందట. అంతే, కొత్తకోట మీదుగా వచ్చే బస్సెక్కింది. మాకు నూలిచ్చి నేయించుకునే సేటు ఆమెను నేరుగా మా ఇంటికి తీసుకొచ్చి, ఈమెది బల్గేరియా, మీ తాన నేత పని జర చూసుకుంటుంది అని చెప్పి పోయాడు. మా అత్తమ్మ ఆమెను పైనుంచి కిందికి చూసి, "బల్గేరియా అంటె బళ్లారి అవతలనా?" అంది.

ఇంగ్లీషు వచ్చింది మా ఇంట్లో ఒక్కరికే, నా తోడికోడలికి. నా మరిది భార్య. నాగర్‌కర్నూల్ పిల్ల, వనపర్తిలో డిగ్రీ చదివింది. ఆమె మాట మాకు, మా మాట ఆమెకు అందించే పని దానికి దొరికింది. రెండు రోజుల్లోనే వాళ్లిద్దరూ ఎన్నాళ్లో ఎరిగినవాళ్లలాగా నవ్వుకోవడం మొదలుపెట్టారు. నేను చాయ పోసిచ్చి పక్కన నిలబడేదాన్ని.

మా ఎదురింటి పై గది కిరాయికి తీసుకుంది. బల్ల మీద ఒక అద్దం పలక వేయించి, దాని కింద ట్యూబులైటు పెట్టించింది. అద్దం మీద కాగితం పెడితే కింది కాగితంలో గీసింది పైకి కనిపిస్తుంది. దాన్ని చూస్తూ రవ్వంత మార్చి మళ్లీ గీయాలి. ఆ కాగితాల కట్ట అంచు పట్టుకుని వేలితో టపటపా వదిలితే బొమ్మ నడుస్తుంది. మొదటిసారి ఆమె అట్లా వదిలినప్పుడు ఒక ముసలమ్మ కాగితాల్లో నుంచి లేచి, నడుము పట్టుకుని, నీళ్ల బకెట్ కింద పెట్టింది. నేను మళ్లీ వదలమని సైగ చేశాను. మా అత్తమ్మ మాత్రం, "బొమ్మ నడిస్తె దానికి పైసలిచ్చెటోళ్లు ఉన్నరా? మా కోడి దినాం నడుస్తది" అని పోయింది.

ఆమెకు సరిగ్గా నా వయసే. ఈ సంగతి నా తోడికోడలు చెప్పకుండా ఉన్నా బాగుండేది. పద్దెనిమిదేళ్లప్పుడు సోఫియాలో ప్రభుత్వపు బొమ్మల సినిమా కార్ఖానాలో చేరిందట. వేరేవాళ్లు గీసిన బొమ్మలకు రంగులు నింపడం పని. కొన్నేళ్లకు వాళ్ల దేశంలో ప్రభుత్వం మారి ఆ కార్ఖానా పనులు ఆగిపోయాయి. తోటివాళ్లు కొందరు టాక్సీలు నడపడానికి పోయారు, కొందరు వేరే దేశాలు పట్టారు. ఈమె దుకాణాలకు బోర్డులు రాస్తూ, మిగిలిన పొద్దంతా తన సొంత సినిమా గీసుకుందట. ఆ బకెట్ ముసలమ్మదే ఆ సినిమా. అది ఎక్కడో ఒక సినిమా పండుగలో ఆడితే, చూసినవాళ్లు ఇంకొకటి తీయమని అన్నారు. ఆ ఇంకొకటి తర్వాత మరొకటి. అట్లా నడిచింది.

ఎంత కష్టపడిందో పాపం అని నా తోడికోడలు కళ్లు తుడుచుకుంది. నాకు ఆ కష్టాల మీద కూడా ఈర్ష్య పుట్టింది. అవి ఆమె సొంత కష్టాలు. నాకు జ్వరమొచ్చినా అది ఇంటిల్లిపాదికి వచ్చినట్టే ఉంటుంది, వంట ఆగిందని, నూలు కండెలు చుట్టడం ఆగిందని. ఆమె ఆ బల్ల ముందు పొద్దున కూర్చుంటే ఎండ గోడ దిగేదాకా లేవదు. ఎవరూ పిలవరు. నేను గ్రాఫు గీస్తున్నంతసేపూ నా పేరు ఇంట్లో ఏదో మూల నుంచి వినబడుతూనే ఉంటుంది. నాకు ఆమె పేరు మీద ఆశ లేదు, ఆమె దేశం మీద లేదు. ఆ బల్ల ముందున్న కుర్చీ మీద ఉండేది.

ఆ కుర్చీ పక్కకు ఇంకో కుర్చీ వచ్చింది. తన సినిమాలో హంస మగ్గం మీద పుట్టినదానిలాగే ఉండాలని, గళ్లగళ్లుగా, మెట్లుమెట్లుగా ఉండే గీతే కావాలని, అది తన చేతికి రావడం లేదని ఆమె చెప్పింది. నా గ్రాఫులు చూసి, అక్కను గీయమను అంది. అక్క అన్న మాట అప్పటికే నేర్చుకుంది. హంస చీర అంచులో నుంచి లేచి, నడుచుకుంటూ కాగితం చివరిదాకా పోయి, బయటికి వెళ్లిపోవాలి. నేను గీసింది బాగుంటే తనతో పాటు హైదరాబాదుకు తీసుకుపోయి రెండు మూడు నెలలు గీయిస్తుంది. సినిమా చివర గీసినవాళ్ల వరుసలో నా పేరూ పడుతుంది.

మా ఆయనను అడిగితే కాసేపు మగ్గం ఆపి, "పోతవా మరి?" అన్నాడు. పోతా అన్నాను. అట్లా నేను అడగడం, ఆయన కాదనకపోవడం రెండూ నాకు కొత్తే. ఆ రోజు జమ్ములమ్మ గుడికి పోయి కొబ్బరికాయ కొట్టి వచ్చాను.

వంటకూ వంటకూ మధ్య ఆ పై గదికి ఉరికేదాన్ని. మార్చి మొదట్లో ఒక పొద్దున ఆమె మా తోడికోడళ్లిద్దరి చేతులకూ ఎరుపు తెలుపు దారాలు పేనిన తాడు కట్టింది. వాళ్ల దగ్గర ఆనవాయితీ అట. చలి పోయి కొంగ కనబడేదాకా ఉంచుకుని, ఆ తర్వాత పూసిన చెట్టుకు కట్టేసి పోవాలట. నా తోడికోడలు పగలబడి నవ్వింది. కొంగల కోసం ఎదురుచూడాల్నా, జూరాల డ్యాం కాడ దినాం కనవడ్తయి అని ఇంగ్లీషులో చెప్పి ఆమెను కూడా నవ్వించింది. సాయంత్రానికి తన తాడు విప్పి పూత మీదున్న వేపచెట్టుకు కట్టేసింది కూడా. నేను విప్పలేదు. చేతికి కట్టినదాన్ని విప్పడం నాకు తెలియదు. కంకణం లాగా ఉంచుకున్నాను.

నా కాగితాల కట్ట తయారైన నాడు ముగ్గురం ఆ బల్ల దగ్గర చేరాం. ఆమె కట్ట అంచు పట్టుకుని వేలితో వదిలింది. హంస అంచులో నుంచి లేచింది. మెడ చాచింది. ఒక అడుగు, ఇంకో అడుగు. ఆమె ముఖం వెలగడం నేను చూశాను. సగం దాకా నడిచిన హంస అక్కడ ఆగి, తోక ముందు పెట్టుకుని, వెనక్కి వెనక్కి నడుస్తూ మళ్లీ అంచులోకి వచ్చి కూర్చుంది.

నేను చేసింది ఏమిటంటే, సగం గీసి, మిగతా సగానికి అవే బొమ్మలను చివరి నుంచి మొదటికి ఎత్తి గీశాను. అట్టలు ఉల్టా తిప్పినట్టు. అది తప్పని నాకు ఒక్కసారి కూడా తోచలేదు. పని అట్లాగే పూర్తవుతుంది కదా.

నా తోడికోడలు నవ్వాపుకోలేకపోయింది. "మీ హంస పొయ్యి మీద పాలు పెట్టొచ్చినట్టున్నది అక్కా. యాదికొచ్చి ఉల్టా వడ్డది."

ఆమె నవ్వలేదు. కట్టను ఇంకోసారి వదిలి చూసి, నా చేయి పట్టుకుని నెమ్మదిగా ఏదో చెప్పింది. నా తోడికోడలు తెలుగులో అంది: "అది పోవాలంట అక్కా. మల్ల రావొద్దంట."

సరే అన్నాను. మళ్లీ గీశాను. ఈసారి ఉల్టా తిప్పలేదు, ప్రతి అడుగూ కొత్తగా గీశాను. ఎంత నిండుగా గీశానంటే ఆమె ఒక్కొక్క కాగితం లైటుకు పెట్టి చూసి, గీత మీద వేలు పోనిచ్చి, మెచ్చుకోలుగా నోరు చప్పరించింది. హంస కాగితం చివరిదాకా నడిచింది. అక్కడ నిలబడింది. తోకతో సహా మొత్తం హంస, కాగితం లోపలే. బయటికి పోవాలంటే ముందు ముక్కు మాయం కావాలి, తర్వాత మెడ, తర్వాత సగం ఒళ్లు. సగం హంసను నేను గీయలేకపోయాను. మా దగ్గర అంచులో బొమ్మ సగంలో తెగితే చీర పక్కకు పోతుంది. సేటు తీసుకోడు, పెళ్లికి ఎవరూ కొనరు. చూసినవాళ్లు అపశకునం అంటారు. మా నాయన నాకు మొట్టమొదట నేర్పింది అదే, బొమ్మ తెగొద్దు బిడ్డా అని. పెన్సిల్ ఆ చివరి గీత దగ్గరికి పోగానే నా చేయి దానంతట అదే ఆగిపోయేది. మూడోసారి కూడా ఆగింది.

అప్పుడు నా తోడికోడలు, జర నేను చూస్తనుండు అని కూర్చుంది. అది జన్మలో గ్రాఫు గీసింది లేదు. దాని హంస హంసలా లేదు, తడిసిన కోడిలా ఉంది. కాళ్లు రెండూ ఒకే పక్కకు పోయాయి. కానీ కాగితం చివరికి రాగానే దాని ముక్కును కోసేసింది, మెడను కోసేసింది, చివరికి తోకలో రెండు ఈకలు మిగిల్చి, అవీ తీసేసింది. ఏ బాధా లేకుండా. కట్ట వదిలితే ఆ కోడి వగరుస్తూ నడిచి, నిజంగానే బయటికి పోయింది. చివరి కాగితం ఖాళీగా ఉంది. ఆమె చప్పట్లు కొట్టింది. నాకు కూడా, నిజం చెప్పాలంటే, గుండెలో ఏదో ఖాళీ అయినట్టయింది. పోయింది కదా అనిపించింది.

హైదరాబాదుకు నా తోడికోడలు పోయింది. గీత సంగతి ఆమె దానికి నేర్పుకుంటానంది. నన్ను మాత్రం ఒకటి అడిగింది, సినిమా మొదట్లో కనిపించే అంచు మొత్తం నా చేత్తో గీసివ్వమని. హంసలు ఇంకా లేవకముందు, ముక్కుకు ముక్కు నిలబడి ఉండే అంచు. గీసిచ్చాను. ఆ పని కూడా దక్కని వాళ్లు ఎందరో, దక్కినందుకు దేవుడికి దండం పెట్టుకున్నాను. పెట్టుకుని, వాళ్లిద్దరూ బస్సెక్కి పోయాక ఆ పై గదికి ఊడ్వడానికి పోయి, ఆ కుర్చీలో కూర్చున్నాను. లైటు తీసుకుపోయారు. అద్దం కింద ఏమీ లేదు. కాసేపటికి మా అత్తమ్మ కింది నుంచి పిలిచింది.

ఆ నెలలన్నీ దాని వంతు పని కూడా నామీద పడింది. వారానికోసారి ఎస్టీడీ బూతుకు ఫోన్ చేసేది. ఈరోజు రెక్క నేర్చుకున్న అక్కా, ఈరోజు మేడం నాకు వాళ్ల పెరుగు తోడు పెట్టి తినిపించింది అక్కా. నేను మంచిగున్నదే అనేదాన్ని. బూతులో వెనక నిలబడ్డవాళ్లు తొందరపెడుతుంటే ఫోన్ పెట్టేసి, ఇంటికొచ్చి గిన్నెలు తోముతుంటే ఆ రెక్క ఎట్లా గీసి ఉంటుందా అని నా వేళ్లు బూడిదలో గీసేవి.

సినిమా సీడీ మరుసటి సంవత్సరం వచ్చింది. నా తోడికోడలు అప్పటికి ఇంటికి తిరిగొచ్చింది. పక్కింటి నుంచి ప్లేయర్ తెచ్చి టీవీకి కలిపి, అందరం కింద కూర్చున్నాం. మొదట నా అంచు వచ్చింది. టీవీ నిండా. ఒక్కొక్క గడీ కనిపిస్తోంది. మా ఆయన, "ఇది నీదే గదా" అన్నాడు. అవునన్నాను. దాని మీద చూపు నిలిచేలోపే మూలనున్న హంస మెడ కదిల్చింది. అక్కడి నుంచి ఇక నాది కాదు. నిలబడ్డదంతా నాది, కదిలిందంతా వాళ్లది.

హంస లేచింది. ఎదురుగా ఉన్న జోడు హంస దాన్నే చూస్తూ ఉండిపోయింది. ఇది నడిచి, చీర మడతలు దిగి, కాగితం చివర బయటికి పోయింది. నేను అంతవరకే అనుకున్నాను. కానీ సినిమా అయిపోలేదు. హంస లేచిపోయిన చోట అంచులో హంస ఆకారంలో ఒక ఖాళీ ఉంది. ఆ ఖాళీలోకి పక్కనుంచి ఒక్కొక్క పోగు నెమ్మదిగా వచ్చి చేరింది. ఒక పోగు, ఆ తర్వాత ఇంకొకటి. చివరికి అక్కడ ఏమీ జరగనట్టు బట్ట మూసుకుపోయింది. జోడు హంస ఒట్టి బట్టకు ముక్కు ఆనించి నిలబడి ఉంది. అంతే.

పుట్టినప్పటి నుంచి పోగుల మధ్య బతికినదాన్ని నేను. ఆ పోగులు అట్లా వస్తాయని నాకు తోచలేదు. కొన్ని నెలలు మా ఊళ్లో ఉండి పోయిన మనిషికి తోచింది. ఇంగ్లీషు రాకపోవడం, వంట, పిలుపులు, ఇవేవీ దానికి కారణం కావు. నేను ఆ కుర్చీలోనే కూర్చుని ఉన్నా అది నాకు తోచేది కాదు. ఆ మాట తెలిశాక కుళ్లు తగ్గుతుందనుకున్నాను. అప్పటిదాకా ఉన్నది పిల్ల కుళ్లని అర్థమైంది.

మా అత్తమ్మ టీవీ వంక చూస్తూ, "ఉన్న హంసకు జోడు లేకుంట చేసె గద ముండ" అంది. ఆ తిట్టు నాకు ఎందుకో ఊరటగా అనిపించింది.

ఆ తర్వాత ఆమె సంగతులు నా తోడికోడలి కంప్యూటరు ద్వారానే తెలిసేవి. హంసల సినిమా చాలా దేశాల్లో ఆడిందట, ఎక్కడో బహుమతి కూడా వచ్చిందట. నాకు ఎక్కువ నొప్పి అది కాదు. రెండేళ్లకు ఇంకో సినిమా తీసింది. అందులో హంసలు లేవు, అంచు లేదు, గళ్లు లేవు. వాళ్ల ఊళ్లో ఎప్పుడూ చెడిపోయి ఉండే ఒక లిఫ్టు, అందులో ఇరుక్కున్న ఇద్దరు ముసలివాళ్లు. గీత కూడా వేరు, బొగ్గుతో గీసినట్టు. నేను ముప్పై ఏళ్లుగా గీస్తున్న హంసను ఆమె ఒక్కసారి గీయించి, అయిపోయిందనుకుని వదిలి, లిఫ్టు దగ్గరికి పోయింది. వదలడం ఆమెకు పనిలో ఒక భాగం. నా చేతి తాడు మాత్రం రంగు వెలిసి, తెగే దాకా వచ్చాక, విప్పి దేవుడి గూట్లో పెట్టాను. చెట్టుకు కట్టలేదు.

ఆ సంవత్సరం జమ్ములమ్మకు చీర మొక్కు ఉంది మాకు. మా ఆయనే నేస్తాడు. గ్రాఫు నేను గీస్తానన్నాను, ఎప్పుడూ గీసేదే కదా అని ఆయన పట్టించుకోలేదు. గీసి ఇచ్చాక కాగితం పరిచి చాలాసేపు చూశాడు. కొంగు దగ్గర అంచులో హంసలు అన్నీ ఒకే పక్కకు నడుస్తున్నాయి. జోడు లేదు. ఒక్కో హంసకు కాలు ఒక్కో తీరుగా ఉంది, ఒకటి ఎత్తి, ఒకటి దించి, ఒకటి చాచి. చివరిదానికి మెడా ముక్కూ లేవు. సగం ఒళ్లు, తోక, వెనక కాలు. దాని ముందు సగం చీర దాటి బయటికి పోయింది.

"ఉల్టా తిప్పెటందుకు లేదు గదనే. ఎన్ని అట్టలు పడ్తయో తెల్సా?"

తెలుసు అన్నాను.

"ఈ సగంది చూస్తె జనం తప్పు వోయిందనుకుంటరు."

"అనుకోనియ్యుండ్రి. అమ్మవారికి తెలుస్తది."

ఆయన కాగితం చుట్టుకుని పోయి అట్టలు కొట్టించుకొచ్చాడు. నేస్తున్నన్ని రోజులూ నేను మగ్గం పక్కనే కండెలు చుడుతూ కూర్చుని చూశాను. చివరి హంస సగానికి రాగానే ఆయన చేయి కూడా ఒక క్షణం ఆగింది. నా వైపు చూశాడు. పోనియ్యుండ్రి అన్నాను. కండె పెట్టిన నాడె విసిరాడు.

నా తోడికోడలు ఫోటో తీసి ఆమెకు పంపుతానంది. వద్దన్నాను. అడిగి, బతిమాలి, అలిగింది కూడా. వద్దనే అన్నాను. పంపితే ఆమె మంచి మనిషి కాబట్టి చాలా బాగుందని జవాబు రాస్తుంది. నాకు ఆ బాగుంది అక్కరలేదు.

మంగళవారం నాడు పూజారి అమ్మవారికి ఆ చీర కట్టాడు. కుచ్చిళ్లలో, మడతల్లో హంసలు ఎటు పోతున్నాయో ఎవరికీ కనబడలేదు. నేను కళ్లు మూసుకుని, నాకు అక్షరం నేర్పిన నాయనకు, సగం హంసను నేసిపెట్టిన నా పెనిమిటికి, రెక్క నేర్చుకుని ఇంటికొచ్చిన నా తోడికోడలికి, కూర్చోబెట్టి కాగితం చేతికిచ్చిన ఆమెకు, అందరికీ మేలు జరగాలని మొక్కుకున్నాను. ఆ తర్వాత ఇంకొకటి అడిగాను. తల్లీ, ఎవరూ చెప్పకుండా, ఎవరూ చూపించకుండా, ఎక్కడో ఒకచోట ఈ అంచు ఆమె కంట పడనీ. పడి, ఇది నాకెందుకు తోచలేదని ఆ ఒక్క పూట ఆమెకు అన్నం సయించకుండా పోనీ.

కళ్లు తెరిచి బొట్టు పెట్టుకుని వచ్చాను.